నురగ అని నేను రాసిన కాగితం

సర్వీసు పనిలోకి కొత్తగా వచ్చే పిల్లలు ఎక్కడైనా కలిస్తే ఒకే ప్రశ్న వేస్తారు. ఇన్నేళ్లలో మీకు బాగా కష్టమైన రిపేరు ఏదని. కాలిపోయిన మోటారు కథో, ఎలుకలు కొరికిన వైర్ల కథో వస్తుందని చూస్తారు. నేను చెప్పేది వాళ్లకు నచ్చదు. నాకు బాగా కష్టమైన పని, ఒక మెషీన్ ముందు కాళ్లు రెండింటినీ పానాతో ఎనిమిది చుట్లు తిప్పడం. పావుగంట పని. అది చేయడానికి నాకు నాలుగు నెలలు పట్టింది. ఆ మధ్యలో ఒకామె పని పోయింది.

మాది సిరిసిల్ల వైపు నేతపని ఇల్లు. మా వైపు సాంచెలనే మరమగ్గాలు నడపడానికి మా నాన్న సూరత్ వచ్చాడు. ఆ మోత నాకు పడలేదు. చెవులకంటే ఎక్కువగా పరువుకు పడలేదు. ఏడాదిపాటు వాషింగ్ మెషీన్ల పని నేర్చుకుని, ఒక పెద్ద కంపెనీ సర్వీస్ సెంటర్‌లో టెక్నీషియన్‌గా చేరాను. చొక్కా మీద కంపెనీ బొమ్మ, భుజాన సంచి. మేముండే ఉన్ పేటలో మా గల్లీవాళ్లు నన్ను ఇంజినీరు అని పిలిస్తే కాదనేవాణ్ని కాదు.

డిష్‌వాషర్లు మా ఊళ్లో అంతకుముందు అరుదు. నెయ్యి, నూనె, పోపు మరకలున్న గిన్నెలను పెట్టె కడుగుతుందంటే గుజరాతీ ఇళ్లల్లో ఎవరూ నమ్మేవారు కాదు. మొదటి లాక్‌డౌన్‌తో నమ్మకం ఒక్కసారిగా కుదిరింది. అపార్ట్‌మెంట్ల గేట్లు పనివాళ్లకు మూసేశారు. పది పదిహేను రోజులు సొంతంగా గిన్నెలు తోముకున్నాక జనానికి యంత్రాల మీద అపారమైన భక్తి పుట్టింది. వానాకాలం వచ్చేసరికి నేను రోజుకు ఆరేడు డిష్‌వాషర్లు బిగిస్తున్నాను.

మా సెంటర్‌లో నా ఈడువాడే, ఖాందేశ్ నుంచి వచ్చిన మరాఠీ మనిషి ఉండేవాడు. అతను రోజుకు నాలుగుకు మించి బిగించేవాడు కాదు. సంచిలో రసమట్టం పెట్టుకుని తిరిగేవాడు. మెషీన్ పైన దాన్ని పెట్టి, గాజు గొట్టంలోని బుడగ రెండు గీతల మధ్యకు వచ్చేదాకా కాళ్లు తిప్పుతూ కూచునేవాడు. నేనతన్ని మేస్త్రీ అనేవాణ్ని. గోడ కడుతున్నావా, మెషీన్ పెడుతున్నావా అని అందరి ముందూ అడిగేవాణ్ని. అందరూ నవ్వేవారు. అతనూ నవ్వేవాడు. నా కన్నే నాకు రసమట్టం అని చెప్పుకునేవాణ్ని. సూపర్‌వైజర్ మా ఇద్దరి అంకెలూ గోడ మీద రాసి, నావైపే వేలు చూపించేవాడు.

అలాంటి రోజుల్లోనే అల్థాన్ అనే పేటలో ఒక ఏడో అంతస్తు ఇంటికి మెషీన్ బిగించడానికి వెళ్లాను. సర్వీసువాళ్లు లిఫ్ట్ ఎక్కకూడదని ఆ అపార్ట్‌మెంట్ సొసైటీలో రూలు. మెషీన్ లిఫ్ట్‌లో వెళ్లింది, నేను మెట్ల మీద వెళ్లాను. అంటువ్యాధి మెషీన్లకు రాదు కాబట్టి తప్పు పట్టడానికేమీ లేదు.

సూరత్ ఇళ్లల్లో వంటింటి వెనక చోక్డీ అని చిన్న జాగా ఉంటుంది. గిన్నెలు తోముకోవడానికి, బట్టలు ఉతుక్కోవడానికి. నీళ్లు నిలవకుండా అక్కడ నేల నీళ్లు పోయే జాలీ వైపు వాలుగా ఉంటుంది. ఆ ఇంట్లో మెషీన్ అక్కడే పెట్టాలన్నారు. వాలు సరిగ్గా మెషీన్ ముందువైపుకు ఉంది. అంటే ముందుకాళ్లు మరలు తిప్పి ఎత్తు చేయాలి. సంచి తెరిచి చూస్తే పానా లేదు. కింద బండి డిక్కీలో ఉంది.

ఏడంతస్తులు దిగి, మళ్లీ ఏడంతస్తులు ఎక్కాలి. మొహానికి మాస్కు, దాని మీద ప్లాస్టిక్ తొడుగు, లోపల చెమట. మెషీన్ వచ్చిన అట్టపెట్టె పక్కనే పడి ఉంది. దాని మూత చింపి నాలుగు మడతలు వేసి రెండు ముందుకాళ్ల కిందా తోశాను. చేత్తో ఊపి చూశాను, కదల్లేదు. కన్నుతో చూశాను, సమంగానే కనిపించింది. తర్వాత ఎప్పుడైనా వచ్చి సరిచేస్తానని మనసులో అనుకున్నాను. మా పనిలో ఆ తర్వాత అనేది ఉండదని మీకు ఇప్పటికే తెలిసి ఉంటుంది.

దీపావళి అయిన వారానికి ఆ ఇంటి నుంచి కంప్లైంటు వచ్చింది. మెషీన్ తలుపు కింద నుంచి నీళ్లు కారుతున్నాయని. నేనే వెళ్లాను. అప్పటికి సొసైటీలు పాసులిచ్చి పనివాళ్లను లోపలికి రానిస్తున్నాయి. ఆ ఇంట్లో కూడా పండుగ ముందే తిరిగి చేరిన పనామె ఉంది. నలభై లోపు మనిషి, గుమ్మం పక్కన చీపురుతో నిలబడింది. ఇంటావిడను అందరూ బెన్ అంటారు, నేనూ అలాగే అన్నాను. ఆమె అత్తగారు కుర్చీలో కూర్చుని, మెషీన్‌లో పెట్టబోయే గిన్నెలను ముందుగా శుభ్రంగా కడుగుతోంది. మురికి గిన్నెలు పెడితే మెషీన్ పాడవుతుందని ఆవిడ అభిప్రాయం.

బెన్ దూరంగా నిలబడి నాది ఏ ఊరని అడిగింది. తెలుగువాణ్నని చెప్పాను. కింది ఫ్లాట్‌లో హజీరా కంపెనీ మేనేజరు ఉన్నాడట, వాళ్లూ మీవాళ్లే, బాగా చదువుకున్నవాళ్లు అంది. మేమూ అదే తరహా అన్నట్టు తల ఊపాను. పెద్ద అబద్ధం కాదు. తల ఊపడమే.

ఇళ్లల్లో పావుగంటకు మించి ఉండొద్దని, నేలా గోడా ముట్టొద్దని మాకు ఆజ్ఞలుండేవి. అవి నా మోకాళ్ల నొప్పికి బాగా కలిసొచ్చాయి. నేను వంగలేదు. నిలబడే చూశాను. తలుపు కింద తడి ఉంది. సింకు గట్టు మీద గిన్నెలు తోమే పచ్చ సబ్బునీళ్ల సీసా ఉంది. ఆ సబ్బు మెషీన్‌లో పోస్తే లోపల నురగ పొంగి తలుపు కింద నుంచి కారుతుంది. మెషీన్ ముందుకు వాలి ఉన్నా అచ్చం అలాగే కారుతుంది. రెండూ నాకు తెలుసు. మొదటిది తెలియని మనుషులు చేసే తప్పు, రెండోది తెలిసిన మనిషి చేసే తప్పు. నాకు మొదటిదే గుర్తొచ్చింది.

ఎవరో చేత్తో తోమే సబ్బు పోశారు అన్నాను, సీసా వైపు చూపిస్తూ. బెన్ పనామె వైపు చూసింది. పనామె హిందీలో తాను పోయలేదంది. బెన్ ముఖం మారలేదు. దీపావళి దాకా బాగానే ఉన్న మెషీన్ ఈమె వచ్చాకే కారుతోంది, లెక్క సరిపోయింది. అప్పుడు పనామె నావైపు తిరిగింది.

“అన్నా, నువ్వు ఉన్ల ఉంటవు గద. మాది నీ ఎనక గల్లే. మావోడు సాంచెల మీదనే పనిజేస్తడు. నేను దాంట్ల సబ్బు పొయ్యలే. బోళ్లు సర్దుడే నా పని. బటన్ సుత బెన్నే ఒత్తుతది. జర నువ్వన్న చెప్పు.”

ఆమె మాట మా అమ్మ మాట లాగే ఉంది. బెన్ నన్నూ ఆమెనూ మార్చి మార్చి చూసింది. ఒక భాషవాళ్లమని, ఒక గల్లీవాళ్లమని ఆ చూపుకు అర్థమైపోయిందేమోనని నాకు భయమేసింది. నేను ఆమెకు తెలుగులో జవాబు చెప్పలేదు. బెన్‌తో హిందీలో చెప్పాను. “వీళ్లకు తెలియదు బెన్, ఇలాంటివి అయిపోతుంటాయి.”

వీళ్లకు అన్నాను. ఇప్పుడు రాస్తుంటే కూడా ఆ మాట దగ్గర చెయ్యి ఆగుతోంది.

జాబ్ షీటు మీద కారణం రాయాలి. మా సెంటర్‌లో కారణాలకు కోడ్‌లుండేవి. ‘వాడకంలో తప్పు’ అనే కోడ్ అందరికీ ప్రియమైనది. అది రాస్తే మళ్లీ అదే కంప్లైంటు వచ్చినా మా లెక్కలో పడదు. నేను ఆ కోడ్ వేసి, పక్కన వివరంగా ‘పనిమనిషి చేత్తో తోమే సబ్బు పోయడం వల్ల నురగ’ అని కూడా రాశాను. వివరం అడిగినవాళ్లెవరూ లేరు. లోపల సబ్బు మిగిలి ఉంటుంది, కొన్నాళ్లు కారుతూనే ఉంటుంది, ఖాళీగా తిప్పుతూ ఉండండని చెప్పి మెట్లు దిగాను.

బెన్ ఆ షీటు ఫొటో తీసి సొసైటీ వాట్సాప్ గ్రూపులో పెట్టింది. ఆ రోజుల్లో పనివాళ్ల మీద రావాల్సిన ఫిర్యాదు అంత పెద్దదేమీ కానక్కర్లేదు. చెప్పిన మాట వినదట అంటే చాలు, మాస్కు కూడా పెట్టుకోదేమో అని అనుమానం. సెక్రటరీ ఆమె గేటు పాసు ఆపేశాడు. ఆ సొసైటీలో ఆమె నాలుగిళ్లు చేసేది. నాలుగూ ఒక్క రోజులో పోయాయి. ఇదంతా నాకు తర్వాత తెలిసింది. తెలుసుకోవాలని అప్పుడు నేనేమీ ప్రయత్నించలేదు.

మూడు వారాలకు అదే ఇంటి నుంచి మళ్లీ కంప్లైంటు. పచ్చ సీసా ఇంట్లోనే లేకుండా చేశారట, పనామె లేదు, మెషీన్ మాత్రం ఇంకా ఎక్కువ కారుతోంది. ఈసారి నురగ అనడానికి మనిషి లేదు కాబట్టి నేను మోకాళ్ల మీద కూర్చున్నాను. టార్చి వేసి కింద చూశాను.

ముందుకాళ్ల కింద నా అట్టముక్కలు ఉన్నాయి. ఉన్నాయంటే, అట్టగా లేవు. నీళ్లు తాగి, నలిగి, నానిన రొట్టెలా అయిపోయాయి. ఒక దాని మీద ‘ఈ వైపు పైకి’ అన్న బాణం గుర్తు ఇంకా కనిపిస్తోంది. బాణం నేలవైపు ఉంది. మెషీన్ ముందుకు ఒరిగిపోయింది. అది కారిన కొద్దీ అట్ట నానింది, అట్ట నానిన కొద్దీ అది ఒరిగింది.

ఈసారి పానా సంచిలో ఉంది. ఎనిమిది చుట్లు తిప్పాను. నీళ్లు పట్టి ఒక విడత పూర్తిగా నడిపించాను. చుక్క కారలేదు. అత్తగారు వచ్చి నేల తడిమి చూసి, మెచ్చుకోలుగా తల ఊపింది. బెన్ చాలా సంతోషించింది, ఏమైందని అడిగింది.

చెప్పడానికి అంతకంటే మంచి సమయం ఉండదు. నేను అట్ట గుజ్జును అరచేతిలోకి తీసుకుని సంచిలో వేసుకున్నాను. కొంచెం సెట్టింగు అన్నాను. షీటు మీద ‘నేల వాలు’ అని రాశాను. అది అబద్ధం కాదు. నేల నిజంగానే వాలుగా ఉంది. ఆ మాటలో పెద్ద సుఖం ఏమిటంటే అందులో మనుషులెవరూ లేరు.

ఆ ఆదివారం పొద్దున మా ఆవిడ లోపలికొచ్చి, ఎవరో ఆమె వచ్చింది, నీతోని మాట్లాడుతదట అంది. బయటకు వెళ్తే ఆ పనామె. గల్లీకి అవతలి పక్కన, మాస్కు పెట్టుకుని, దూరం పాటించి నిలబడింది. నేను తిడుతుందనుకున్నాను. తిట్టే మనిషికైతే జవాబులు సిద్ధం చేసుకుని ఉన్నాను.

ఆమె తిట్టలేదు. భర్త పనిచేసే కార్ఖానాలో సాంచెలు సగం బందు పడ్డాయని, నాలుగిళ్ల పని మీదే ఇల్లు నడిచేదని రెండు మాటల్లో చెప్పింది. అది చెప్పడానికి రాలేదట. ఒక్క సంగతి అడగడానికి వచ్చిందట.

“నన్ను తీసేసిండ్రు గదన్నా. తీసేసినంక ఆ మెషిన్ కారుడు ఆగిందా?”

ఇరవయ్యారేళ్లు నేను చేసిన పని అదే. అనుమానం ఉన్న భాగాన్ని తీసేసి చూడు, తీసేశాక కూడా రోగం పోకపోతే ఆ భాగం మంచిదే. కొత్తగా వచ్చినవాళ్లకు మేము మొదటి రోజు నేర్పే పాఠం. ఆ పాఠం ఆమె ఎవరి దగ్గరా నేర్చుకోలేదు. మూడు వారాలు ఇంట్లో కూర్చుని ఆలోచించి తెలుసుకుంది. నాకు మాత్రం ఆ ఇంట్లో తట్టనే లేదు.

ఆగలేదు, నిన్ను తీసేశాక కూడా మూడు వారాలు కారింది, నా తప్పు నేను దిద్దాకే ఆగింది. అదీ జవాబు.

“ఆగింది” అన్నాను.

అది కూడా అబద్ధం కాదు.

 ఆమెకు నా మీద అనుమానం ఉంటే ఆ మాటతో పోయినట్టుంది. “అయితే నాతోనే అయిందేమో అన్నా” అంది. “పండుగకు చోక్డీ అంతా పైపుతోని నీళ్లు కొట్టి కడిగిన. మెషిన్ కిందికి సుత కొట్టిన. మంచిగ జెయ్యాల్నని జేసిన. గిట్లయితదని తెల్వకపాయె.” బెన్‌తో తప్పయిందని చెప్పి, చేతులు జోడించి మళ్లీ అడుగుతానంది. బెన్ ఇప్పుడు ఇంట్లో ఏ వేళకు ఉంటుందో నాకేమైనా తెలుసా అని అడిగింది.

నాకు తెలియదన్నాను. ఆమె వెళ్లిపోయింది.

అట్ట ఎందుకు అంత త్వరగా నానిందో నాకు అప్పుడు తెలిసింది. నేను ఒళ్లు దాచుకుని పెట్టిన దాన్ని ఆమె ఒళ్లు దాచుకోకుండా కడిగింది. అలా కడిగినందుకు ఇప్పుడు క్షమాపణ చెప్పబోతోంది.

మా ఆవిడ తలుపు దగ్గర నిలబడి అంతా విన్నది. ఏమైందని అడిగితే చెప్పాల్సి వచ్చింది. మొత్తం విని, ఆమె నెమ్మదిగానే అంది. “ఇన్నేండ్లు మంది ఇండ్లల్ల కారేటియన్ని బందు జేసినవ్. గా ఒక్క మాట జెప్పనీకి నోరు రాలే. మల్ల ఇంజినీరంట.”  అన్నం మాత్రం పెట్టింది.

మర్నాడు సెంటర్‌కు వెళ్లి సూపర్‌వైజర్‌ను ఆ ఇంటి మొదటి షీటు మార్చాలని అడిగాను. అతను నాకంటే ఇరవయ్యేళ్లు చిన్న, నన్ను కాకా అని పిలుస్తాడు. మూసేసిన కేసు ఎందుకు తెరవడం, రెండు మూడు నెలల్లో రిటైరవుతారు కదా అన్నాడు. నేను పట్టుబట్టేసరికి కంప్యూటర్ తెరిచి కోడ్‌ల జాబితా చూపించాడు. వాడకంలో తప్పు ఉంది, నీళ్ల ఒత్తిడి ఉంది, కరెంటు హెచ్చుతగ్గులు ఉన్నాయి, ఎలుకలు కూడా ఉన్నాయి. టెక్నీషియన్ తప్పు అనే కోడ్ లేదు. అన్నేళ్లుగా ఆ జాబితా వాడుతూ నేను ఆ సంగతి ఎప్పుడూ గమనించలేదు. కావాలంటే ‘ఇతరములు’ వేస్తానన్నాడు.

నేను తెల్లకాగితం అడిగాను. మేస్త్రీ పక్క బల్ల దగ్గర టీ తాగుతున్నాడు. ఏం రాస్తున్నావని అడిగితే చదివి వినిపించాను. నవ్వుతాడనుకున్నాను, నవ్వలేదు. నా హిందీలో రెండు తప్పులు దిద్ది, పేరు పూర్తిగా రాయమన్నాడు, పొట్టి సంతకం అయితే ఎవరిదో తెలియదన్నాడు.

కాగితంలో ఇంతే ఉంది. ఈ ఇంట్లో మెషీన్ బిగించింది నేను. కాళ్లు సరిచేయకుండా కింద అట్టముక్కలు పెట్టాను. అవి నాని మెషీన్ ఒరిగి నీళ్లు కారాయి. పనామె సబ్బు పోయలేదు. పోసిందని నేను చూడకుండా రాశాను.

దాన్ని తీసుకుని అల్థాన్ వెళ్లాను. సెక్రటరీ పెద్దాయన, గేటు పక్క గదిలో కూర్చుని ఉన్నాడు. రెండుసార్లు చదివాడు. నిన్నెవరైనా రాయమన్నారా అని అడిగాడు. లేదన్నాను. మరి ఎందుకు రాశావన్నట్టు చూశాడు. కాగితం గ్రూపులో పెట్టాలని, పాసు తిరిగి ఇవ్వాలని అడిగాను. ఆయన ఫోన్ తీసి ఫొటో తీశాడు, పాసు రేపటి నుంచి చెల్లుతుందన్నాడు. మెషీన్ కంపెనీ మంచిదేనా, మా ఇంట్లో కూడా ఒకటి తీసుకుందామనుకుంటున్నాం అన్నాడు.

బెన్ ఇంటికి కూడా వెళ్లి నోటితో చెప్పాను. ఈసారి ఆమెకు నిజంగా కోపం వచ్చింది. పనామె విషయంలో కాదు, గ్రూపులో తన మాట తప్పయినందుకు. ముందే చెప్పాల్సింది కదా అంది. చెప్పాల్సింది, అన్నాను. పనామెను మళ్లీ పెట్టుకుంటారా అని అడిగితే, మెషీన్ బాగా నడుస్తోందిగా, ఈ రోజుల్లో బయటి మనిషి ఎందుకు అంది. నిజమే. దాన్ని అంత బాగా నడిచేలా చేసింది నేనే.

ఆ సాయంత్రమే ఉన్‌లో వెనక గల్లీకి వెళ్లి పనామె ఇల్లు కనుక్కున్నాను. చోక్డీ కడిగినందుకు కాదు, నేను పెట్టిన అట్ట వల్ల అయిందని తెలుగులో చెప్పాను. ఆమె భర్త లోపలి నుంచి ఒక మాటన్నాడు, అది ఇక్కడ రాయను, నాకు తగినదే. ఆమె మాత్రం, పాసు ఏ రోజు నుంచి చెల్లుతుందో అడిగింది. మర్నాటి నుంచి అని చెప్పాను. పొద్దున ఎన్ని గంటలకు గేటు తీస్తారో నాకేమైనా తెలుసా అంది. ఈసారి తెలుసు, చెప్పాను.

కంపెనీ నాకు ఒక మందలింపు ఉత్తరం ఇచ్చింది. ఏ కోడ్ కిందకు వస్తుందో వాళ్లకూ తెలియలేదు కాబట్టి ఉత్తరం చిన్నదిగానే ఉంది.

ఆమె నాలుగిళ్లలో ఒక ఇల్లు ఆ వారమే తిరిగి వచ్చింది. బెన్ ఇల్లు రాలేదు. మిగిలిన రెండిళ్లవాళ్లు, పనామె లేని మూడు నాలుగు వారాల్లో గిన్నెలు తోముకోలేక, చెరో డిష్‌వాషర్‌కు ఆర్డర్ ఇచ్చేశారు, ఆమెను మళ్లీ పిలవలేదు. ఉత్తరాయణానికి, అంటే సంక్రాంతికి ముందే మెషీన్లు డెలివరీ అయ్యాయి. ఆ సొసైటీ నా ఏరియాయే కాబట్టి బిగించే చీటీలు రెండూ నా పేరు మీదే వచ్చాయి. మేస్త్రీ దగ్గర రసమట్టం అడిగి తీసుకెళ్లాను. రెండు ఇళ్లల్లోనూ మోకాళ్ల మీద కూర్చుని, బుడగ గీతల మధ్య నిలిచేదాకా లేవలేదు.

ఆ రెండు మెషీన్లూ ఇప్పటికీ ఒక్క చుక్క కారలేదట.